కుంటలో చేప, గట్టున బీర

శ్రోతలకు నమస్కారం.

నల్గొండ, మహబూబ్‌నగర్ జిల్లాల్లో పొలంలో నీటి కుంట తవ్వుకున్న రైతులు చాలామంది దానిని మోటారు తొట్టిలాగే చూస్తారు. నింపడం, తోడుకోవడం, అంతే. అదే నీటిలో చేపలు, గట్టున కూరగాయలు పెంచుకోవచ్చు. రెండూ కలిస్తేనే కుంట తవ్విన ఖర్చుకు న్యాయం.

మొదటి చిక్కు మన ఎర్ర చెల్క నేలలది. నీరు నిలవక ఇంకిపోతుంది. ప్లాస్టిక్ పట్టా పరిస్తే నీరు ఆగుతుంది గానీ అడుగున బురద ఉండదు, బురదలో మేసే ఎర్రమోసు చేపకు తిండి దొరకదు. నన్నడిగితే, చేపల కోసమైతే చెరువు నుంచి తెచ్చిన జిగట మట్టిని అడుగున, గోడలకు తొక్కించడమే మేలు. ఇంకడం పూర్తిగా ఆగదు, తగ్గుతుంది.

బొచ్చె పైనీటిలో, రోహు నడినీటిలో, ఎర్రమోసు అడుగున మేస్తాయి. ఒకదాని మేతకు మరొకటి అడ్డురాదు. తవుడు, పల్లి చెక్క సమంగా కలిపి తడిపి వేయాలి. పల్లి పండే పాలమూరులో చెక్క దొరకడం కష్టమేమీ కాదు. తెల్లవారుజామున చేపలు పైకి తేలి నోళ్లు తెరుస్తున్నాయంటే నీటిలో ఆక్సిజన్ తగ్గిందని అర్థం. రాత్రంతా నాచు కూడా దానినే వాడుకుంటుంది మరి. వెంటనే మేత ఆపి కొత్త నీరు పెట్టండి.

చేపల విసర్జనలోని అమ్మోనియాను సూక్ష్మజీవులు నైట్రేటుగా మారుస్తాయి. ఆ పాత నీటిని బీర, కాకర, సొర పాదులకు వదిలితే నీరుతో పాటు ఎరువూ అందుతుంది. పడమటి గట్టున పందిరి వేస్తే ఎండాకాలం మధ్యాహ్నాలు నీటికి నీడ. పిల్లలు తిరిగే చోటైతే కంచె ముందు వేయండి, మిగతావన్నీ తరువాతే.

వంగ తోటలో కాయతొలుచు పురుగు కనబడగానే మందు డబ్బా భుజానికెత్తుకునే అలవాటు మాత్రం ఇక్కడ చెల్లదు. సైపర్‌మెత్రిన్ వంటి మందులు అతి స్వల్ప మోతాదులోనే చేపలను చంపుతాయి. పురుగు పట్టిన కొమ్మలు తుంచి నాశనం చేయడం, మగ పురుగులను వాసనతో రప్పించి పట్టే లింగాకర్షక బుట్టలు పెట్టడం ఓపిక అడిగే పనులే. అయినా తప్పవు.

వానలకు కుంట నిండాక కాస్త పెద్ద చేపపిల్లలనే వేయండి. మరుసటి ఏడాది జూన్ 8 ప్రాంతంలో మృగశిర కార్తె మొదలవుతుంది. ఆ రోజు చేప కోసం జనం పోటీపడతారు. ఎండలకు నీరు తగ్గి వల వేయడం తేలికయ్యేదీ అప్పుడే. ముందురోజు మేత ఆపి, తెల్లవారగానే వల వేసి, గట్టు మీదనే తూకం వేసి అమ్ముకోవచ్చు.