నామినల్ రోల్ మీద సంతకం పెట్టే ముందు

పదో తరగతి పిల్లలకు, వాళ్ల అమ్మానాన్నలకు, తోటి ఉపాధ్యాయులకు నమస్కారం.

ముందు నా తప్పు ఒకటి చెప్పుకుంటాను. నేను హెడ్మాస్టర్‌గా ఉన్నప్పుడు, ఒక ఏడాది నామినల్ రోల్స్, అంటే పబ్లిక్ పరీక్ష రాసే పిల్లల వివరాల జాబితాల హడావిడిలో ఒక అమ్మాయి పేరు చివరి 'శ్రీ' ఎగిరిపోయింది. ఆ వివరాలు సరిచూసుకునే చెక్ లిస్ట్ మీద సంతకం నాదే. ఐదేళ్లు ఎవరికీ కనబడలేదు. డిగ్రీ అయ్యాక ఉద్యోగంలో చేరబోతే ఆధార్‌లో ఒక పేరు, పదో తరగతి మార్కుల మెమోలో ఒక పేరు! ఇంటర్, డిగ్రీ కాగితాలన్నీ పదో తరగతి మెమో చూసి రాసినవే కాబట్టి తప్పు అన్నిటికీ పాకింది. వాళ్ల నాన్న మా ఇంటికొచ్చి, "సార్, మీరు రాసిందే కదా, మీరే దిద్దిపెట్టండి" అన్నాడు. నాకు ఆ అధికారం ఉంటే అప్పటికప్పుడే దిద్దేవాణ్ని.

ఆ అమ్మాయి అదృష్టం, మా అడ్మిషన్ రిజిస్టర్లో పేరు పూర్తిగా ఉంది. అసలు కీలకం అక్కడే ఉంది. బడి రిజిస్టర్లో సరిగ్గా ఉండి మెమోలో తప్పు పడితే అది సవరణ. హెడ్మాస్టర్ ద్వారా దరఖాస్తు పెట్టి, రిజిస్టర్ నకలు, ఒరిజినల్ మెమో జతచేసి, జిల్లా విద్యాధికారి (డీఈఓ) ఆఫీసు మీదుగా ప్రభుత్వ పరీక్షల విభాగానికి పంపుతాం. తిరుగుడు ఉంటుంది, కానీ దారి ఉంది. రిజిస్టర్లోనే వేరే పేరుంటే, లేదా పెద్దయ్యాక కొత్త పేరు పెట్టుకుంటే అది మార్పు. అప్పుడు నోటరీ అఫిడవిట్, పేపర్లో ప్రకటన, ప్రభుత్వ గెజిట్‌లో ప్రకటన కావాలంటారు. గెజిట్ చేతికి రాగానే పనైపోయిందని సంబరపడకండి. అది ఫలానా వారు ఇకమీదట ఫలానా పేరుతో ఉంటారని సర్కారు వేసే చాటింపు, అంతే. దాన్ని చూసి పాత మెమో దానంతటది మారదు.

మరి పరీక్షల బోర్డు కుదరదంటే? 2021 జూన్ 3న సుప్రీంకోర్టు కేంద్ర బోర్డు సీబీఎస్ఈ కేసుల్లో దీనికి జవాబు చెప్పింది. పేరు మనిషి గుర్తింపులో భాగం, రాజ్యాంగంలోని 19వ అధికరణం ఇచ్చే భావప్రకటన హక్కు కిందికి వస్తుంది, అందుకని అసలు మార్చనే మార్చమని బోర్డు తలుపు మూసెయ్యకూడదు అంది. బడి రికార్డుల ప్రకారం అడిగితే దిద్దాలి. తనంతట తాను పెట్టుకున్న కొత్త పేరైతే ముందు కోర్టు ఉత్తర్వు, గెజిట్ ఉండాలి. కొత్త సర్టిఫికెట్ మీద పాత పేరు కూడా కనబడేట్టు రాయవచ్చు. నా మటుకు నాకు ఇది సబబుగానే తోచింది.

ఇంటిపేరు సంగతి ఇంకా సున్నితం. మన ఆంధ్రప్రదేశ్ నుంచే ఒక కేసు ఢిల్లీ దాకా వెళ్లింది. భర్త చనిపోయాక ఒకామె మళ్లీ పెళ్లి చేసుకుంది. బిడ్డకు మొదటి తండ్రి ఇంటిపేరే పెట్టాలని, రికార్డుల్లో రెండో భర్తను సవతి తండ్రిగా చూపాలని హైకోర్టు చెప్పింది. 2022 జూలైలో సుప్రీంకోర్టు దాన్ని కొట్టేసింది. తండ్రి లేనప్పుడు సహజ సంరక్షకురాలు తల్లే, బిడ్డ ఇంటిపేరు ఆమే నిర్ణయించవచ్చు అంది. 'సవతి తండ్రి' అని కాగితాల మీద రాయించడం బిడ్డ మనసు ఎంత నొచ్చుకుంటుందో ఆలోచించని క్రూరత్వమంది. తోటి టీచర్లారా, అలాంటి తల్లి మన ఆఫీసు గదికి వస్తే అందరి ముందూ ఆరాలు తియ్యకండి. ట్రాన్స్‌జెండర్ పిల్లల విషయంలో 2019 చట్టం ఉంది. కలెక్టర్ ఇచ్చే గుర్తింపు సర్టిఫికెట్‌తో అధికారిక పత్రాల్లో పేరు మార్చుకునే హక్కు అది ఇచ్చింది.

ఇక మన తెలుగువాళ్ల సొంత జబ్బు, ఇనిషియల్. బడిలో ఇంటిపేరుకు ఒక్క అక్షరం పెట్టి వదిలేస్తాం. పాస్‌పోర్టు దగ్గర ఆ అక్షరాన్ని విడమరిచి రాయమంటారు. ఇంటిపేరు విడిగా లేకుండా ఒక్క పేరుతోనే పాస్‌పోర్టు తీసుకుంటే అమెరికా వీసాలో సొంత పేరు ఉండాల్సిన చోట 'ఎఫ్ఎన్‌యూ' అని పడుతుంది. అంటే మొదటి పేరు తెలియదని! బారసాల చేసి, బియ్యంలో రాసి, చెవిలో ముమ్మారు చెప్పి పెట్టిన పేరు తెలియదట. శ్రీనివాస్‌లోని 'శ్రీ'ని ఇంగ్లీషులో 'ఎస్ఆర్ఐ' అని రాస్తారు, 'ఎస్ఆర్ఈఈ' అనీ రాస్తారు. రెండూ ఒప్పే. కానీ కంప్యూటర్‌కు వాళ్లు ఇద్దరు మనుషులు.

ఆధార్‌లో పేరు ఎన్నిసార్లైనా మార్చుకోవచ్చులే అనుకోవద్దు, మామూలుగా రెండుసార్లే. పుట్టిన సర్టిఫికెట్‌లో పేరు గడి ఖాళీగా ఉన్నవాళ్లు ఇంకా తొందరపడాలి. పేరు చేర్చుకోవడానికి నిబంధనల్లో ఉన్న గడువు 15 ఏళ్లు. ఈ గదిలో కూర్చున్న పిల్లల వయసు ఎంతో లెక్కేసుకోండి.

ఇప్పుడు మీ చేతికి చెక్ లిస్ట్ వస్తుంది. అమ్మా, చదువు రాదని సిగ్గుపడి వేలిముద్ర వేసేసి వెళ్లిపోవద్దు. నీ బిడ్డ చేత ఒక్కో అక్షరం పైకి చదివించు. ఆధార్ పక్కన పెట్టుకుని తన పేరు, నాన్న పేరు, అమ్మ పేరు, పుట్టిన తేదీ చూడమను. ఎక్కడైనా తేడా కనబడితే ఎర్ర పెన్ను అదిగో ఆ బల్ల మీదుంది.