రాజీ కుదిరింది సరే, వద్దనే వీలు ఎవరికుంది?

[తెరపై: ఎండిన మేత భూమి. దూరంగా ఆవుల మంద. కొమ్ము బూర మోత.]

గడ్డి మేసినందుకు కట్టాల్సిన పన్ను దగ్గర మొదలై యుద్ధం దాకా పోయిన నేల మనది.

పదమూడో శతాబ్దం మాట. నెల్లూరును మనుమసిద్ధి ఏలుతున్నాడు. కరవు దెబ్బకి గొల్లల నాయకుడు కాటమరాజు తన మందల్ని తోలుకొని నెల్లూరు సీమ బీళ్ళలోకి వచ్చాడు. మేపుకోవడానికి ఇద్దరి మధ్యా ఒప్పందం కుదిరింది. ఆ తర్వాత పుల్లరి, అంటే ఆ మేత పన్ను దగ్గర తేడా వచ్చింది. కట్టమని రాజు, కట్టనని కాటమరాజు. న్యాయం ఎవరి పక్కన ఉందంటే, పుస్తకాలు ఒకలా చెప్తాయి, గొల్లల కథ పాడే కొమ్ములవాళ్ళు ఇంకోలా చెప్తారు. చివరికి పంచలింగాల దగ్గర కత్తులు దూశారు.

ఈ కథలో నన్ను పట్టుకునేది యుద్ధం కాదు, దాని మధ్యలో ఒక ఇంట్లో జరిగిన సంగతి. నెల్లూరు సేనాని ఖడ్గతిక్కన ఓడి ఇంటికి తిరిగొస్తాడు. భార్య చానమ్మ మంచం అడ్డం పెట్టి, స్నానానికి నీళ్ళతో పాటు పసుపు ముద్ద పెడుతుంది. ఆడవాళ్ళకి పెట్టినట్టు అన్నమాట. తల్లి ప్రోలమ్మ విరిగిన పాలు పోస్తుంది. ఆయన మళ్ళీ యుద్ధానికి పోయి చనిపోతాడు. మనం దీన్ని పౌరుషం కథగా చదువుకున్నాం. ఇంకోవైపు నుంచి చూస్తే, మనిషి వెనక్కి తగ్గకుండా దారి మూసేసింది శత్రువు కాదు, సొంత ఇల్లు. ఈ రోజు గట్టు తగాదాలో కూడా జరిగేది ఇదే. ఇద్దరికీ రాజీ ఇష్టమే ఉంటుంది. కానీ ముందు తగ్గినోడు ఇంటికి పోయి ఏం మొహం చూపించాలి?

[తెరపై: పాత తాళపత్రం. దాని మీద పేరు: తిక్కన సోమయాజి.]

ఈ ఖడ్గతిక్కనకు వరసకు అన్నదమ్ముడు మన కవి తిక్కన. మనుమసిద్ధి దగ్గర మంత్రి. శత్రువులు మనుమసిద్ధిని గద్దె దింపినప్పుడు ఓరుగల్లుకు పోయి కాకతీయ గణపతిదేవుడి సాయం అడిగింది తిక్కనే. అడిగింది శాంతి కాదండీ, సైన్యం! అది వేరే సంగతి.

రాయబారం ఎంత కష్టమో తెలిసిన ఈ మనిషే మహాభారతంలో ఉద్యోగపర్వం తెలుగు చేశాడు. రాయబారం అనగానే మనకి కృష్ణుడే గుర్తొస్తాడు. పద్యాలు, నాటకాలు అన్నీ దాని మీదే కదా. కానీ దానికి ముందు సంజయుడు వచ్చాడు. ధృతరాష్ట్రుడు పంపాడు. ఆయన తెచ్చిన కబురు ఏంటంటే, యుద్ధం మంచిది కాదు, బంధువుల్ని చంపుకోవడం పాపం, నువ్వు ధర్మాత్ముడివి, శాంతంగా ఉండు. అంతా బాగుంది. మరి రాజ్యం? ఆ మాట ఎత్తలేదు. యుద్ధం చేసి రాజ్యం తీసుకోవడం కన్నా బిచ్చమెత్తుకొని బతకడం మేలని కూడా ధర్మరాజుకే చెప్పాడు.

ఈ వీడియో అంతా దీని మీదే. మన ఊళ్ళలో జరిగే పంచాయితీల్లో కృష్ణ రాయబారాలు కొన్నే, సంజయ రాయబారాలు ఎక్కువ.

[తెరపై: వేపచెట్టు కింద అరుగు. ఇద్దరు దాయాదులు, మధ్యలో పెద్దాయన.]

ముందు మంచి సంగతి చెప్పుకుందాం. ఊరి పంచాయితీ పనికిమాలిందని నేను అనను. చాలా గొడవల్లో కోర్టు కన్నా బాగా పనిచేస్తుంది. ఎలాగో చూడండి.

"ఒరే అబ్బయ్యా, అరగజం వదులుకుంటే నీ ఆస్తి కరిగిపోద్దా?"

"వదిలేదానికి నాకేం లేదు మామా. కొలిపిద్దాం. సర్వేయరు ఏడ రాయి పాతితే ఆడే గట్టు."

"మళ్ళా వాడు ఒప్పుకోకపోతే?"

"డిపాజిట్ కట్టించుకో ఇద్దరి కాడా. మాట తప్పినోడిది పోతది."

ఇక్కడ పెద్దాయన చేసిన పనేంటి? తీర్పు చెప్పలేదు. ఇద్దరి దగ్గరా డబ్బు పెట్టించుకున్నాడు, మాట తప్పితే నష్టం ఉండాలని. అరగజం సంగతి తన నోటితో ఎత్తాడు, రేపు ఎవడు తగ్గినా "పెద్దాయన అడిగాడని తగ్గాను" అని ఇంట్లో చెప్పుకోవడానికి. చానమ్మ పసుపు ముద్దకి ఇది విరుగుడు! ఇంకో ముఖ్యమైన సంగతి, అరుగు మీద ఇద్దరూ కూర్చున్నారు. ఇద్దరికీ పొలం ఉంది, ఇద్దరికీ వకీలుని పెట్టుకునే స్తోమత ఉంది. నచ్చకపోతే ఇద్దరూ అరుగు మీద నుంచి లేచి వెళ్ళిపోగలరు. అందుకే ఆ రాజీ నిలబడుతుంది.

ఒకడు అలా లేచి వెళ్ళలేని చోట ఏమవుతుందో చూద్దాం.

[తెరపై: సాగర్ కుడి కాలువ మ్యాప్. ప్రకాశం జిల్లా చివరి భాగం ఎర్ర రంగులో.]

నాగార్జునసాగర్ కుడి కాలువ గుంటూరు, పల్నాడు వైపు తడిపి తడిపి ప్రకాశం జిల్లాకి వచ్చేసరికి చివరికొస్తుంది. పై రైతుకీ చివరి రైతుకీ నీళ్ళ గొడవ వస్తే వాయిదా పడిన ప్రతి రోజూ ఎవరి ఖాతాలో రాయాలి? పైవాడి చేను తడిసే ఉంటుంది. వారం తర్వాత మాట్లాడుకుందామని హాయిగా అనగలడు. కిందివాడి పైరు ఆ వారంలో ఎండుతుంది. తగాదాలో ఓపిక ఉన్నవాడు గెలుస్తాడంటారు. ఆ ఓపిక స్వభావం కాదు, కాలువ మీద పొలం ఎక్కడుందన్నదే. వంతుల వారీగా నీళ్ళు వదలడం, నీటి సంఘాల కోసం 1997లో రాష్ట్రం చేసిన చట్టం, కాలువ కాపలా కాసే లష్కర్ల వేళ పట్టని గస్తీ, ఇవన్నీ ఆ తేడాని కొంతైనా తగ్గించడానికే. నీళ్ళు తక్కువైన ఏడాది మాత్రం చివరి రైతు మాట్లాడేది బతిమాలే గొంతుతోనే.

సముద్రం మీద ఇంకో రకం. నెల్లూరు తీరంలో కడలూరు సోనా బోట్లు, అంటే తమిళనాడు నుంచి వచ్చే మరబోట్లు, తెలియనివాళ్ళుండరు. తీరం నుంచి 8 కిలోమీటర్ల లోపల మరబోట్లు వేట చేయకూడదని మన రాష్ట్రం నిబంధన. అవి వస్తాయి, చిన్న పడవల వలలు తెగుతాయి. మనవాళ్ళు వెంటపడి బోటుని పట్టుకొచ్చి ఒడ్డున కట్టేసిన సందర్భాలు పలుమార్లు వచ్చాయి. ఆ తర్వాత మాటలు మొదలవుతాయి. తమిళ పెద్దలు వస్తారు, పాలెం పెద్దలు కూర్చుంటారు, తెగిన వలలకి లెక్క కడతారు. బోటు కట్టేయడం చట్టప్రకారం సరైనదని నేను అనడం లేదు. కాకపోతే చిన్న పడవవాడి మాట అవతలివాడు విన్నది బోటు ఒడ్డున ఉన్నప్పుడే.

పాలెంలో దురాయి, అంటే పెద్దల కట్టుబాటు వేస్తే ఎవరూ దాటరు. ఒక్క మాట మీద ఉండటంలో బలం అది. పులికాట్ సరస్సులో తమిళనాడు వైపు కొసన 'పాడు' అనే పద్ధతి ఉంది. వేట తావుల్ని చీట్లేసి వంతుల వారీగా పంచుకుంటారు. చీటీలో ఏ తావు వస్తే అదే, గొడవే లేదు. పరిశోధకులు ఎంతో మెచ్చుకున్న పద్ధతి. కానీ ఆ చీటీల కుండలో పేరు పడేది ఆ కులంలో పుట్టిన మత్స్యకారులకే. అదే నీళ్ళ మీద బతికే మిగతా కులాల వేటగాళ్ళు ఆ లెక్కలో లేరు. లోపలివాళ్ళ మధ్య ప్రశాంతత గొప్పగానే ఉంటుంది మరి.

[తెరపై: నల్లని తెర. తెల్ల అక్షరాలు: కారంచేడు, 17 జూలై 1985.]

ఈ భాగం కాస్త నెమ్మదిగా చెప్తాను.

కారంచేడు 2022 ఏప్రిల్ దాకా ప్రకాశం జిల్లాలో ఉండేది, ఇప్పుడు బాపట్ల జిల్లా. మాదిగపల్లె వాళ్ళు తాగే నీళ్ళ చెరువులో భూస్వాముల కులానికి చెందిన కుర్రాడు గేదెల కుడితి బకెట్ కడుగుతుంటే వద్దన్నారు. కొట్టబోతే, నీళ్ళకి వచ్చిన ఒక దళిత మహిళ తిరగబడింది. మర్నాడు, జూలై 17న, పల్లె మీద పడ్డారు. ఆరుగురు దళితులు చనిపోయారు.

బతికినవాళ్ళు చీరాల చేరారు. ఇలాంటి ఘటన తర్వాత మామూలుగా ఏం జరుగుతుంది? నాలుగు రోజులకి పెద్దమనుషులు వస్తారు. జరిగిందేదో జరిగింది, ఊరన్నాక కలిసి బతకాలి, పనికి రండి అంటారు. కూలీకి రేపటి కూడు ఆ పొలంలోనే ఉంటుంది కాబట్టి ఒప్పుకుంటాడు. పత్రికలో 'గ్రామంలో ప్రశాంత వాతావరణం' అని వస్తుంది.

కారంచేడు దళితులు తిరిగి పోలేదు. చీరాలలోనే ఉండిపోయారు, అక్కడే కాలనీ కట్టుకున్నారు. బొజ్జా తారకం, కత్తి పద్మారావు లాంటివాళ్ళ నాయకత్వంలో దళిత మహాసభ పుట్టింది. కేసు సుప్రీంకోర్టు దాకా పోయి 2008 డిసెంబరులో తుది తీర్పు వచ్చింది. ఇరవై మూడేళ్ళు! 1989లో వచ్చిన ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం వెనక కారంచేడు లాంటి ఘటనల మీద లేచిన ఉద్యమాల ఒత్తిడి ఉంది.

వాళ్ళు రాజీ పడకపోవడం వల్ల ఊళ్ళో శాంతి చెడిందా? నార్వే పండితుడు యోహాన్ గాల్టుంగ్ 1960ల్లోనే దీనికి ఒక కొలబద్ద ఇచ్చాడు. కొట్టుకోవడం ఆగితే అది సగం శాంతి. కొట్టుకోవడానికి కారణమైన అన్యాయం కూడా పోతేనే రెండో సగం. 1985 జూలై 15న కారంచేడులో ఎవరూ ఎవర్నీ చంపలేదు. దాన్ని శాంతి అనాలంటే నాకు నోరు రాదు.

[తెరపై: సారా ప్యాకెట్లు. వీధిలో ఆడవాళ్ళ గుంపు.]

ఇంట్లో గొడవలకి మన పెద్దలు చెప్పే మందు ఒకటే, సర్దుకుపో. ఇంటి గుట్టు లంకకు చేటు అని సామెత కూడా రెడీగా ఉంటుంది. తాగొచ్చి కొట్టే మొగుడి మీద పంచాయితీ పెడితే, మొగుడి చేత ఒట్టు వేయించి పెళ్ళాన్ని ఇంటికి పంపుతారు. సారా దుకాణం అలాగే ఉంటుంది.

1992లో నెల్లూరు జిల్లా దూబగుంట ఆడవాళ్ళు ఆ గుట్టుని వీధిలోకి తెచ్చారు. సాయంత్రం అక్షరాస్యత తరగతుల్లో కూర్చుని చదువుకుంటూ, మాట్లాడుకుంటూ ఉండగా తేలిందేంటంటే, ఇది నా ఇంటి గొడవ కాదు, ఊరందరి ఇంటి గొడవ. వర్ధినేని రోశమ్మ ముందుండి నడిపారు. దుకాణం మూయించారు. ఆ కబురు ఊరూరా పాకింది, 1993 అక్టోబరు 1 నుంచి రాష్ట్రంలో సారా నిషేధం వచ్చింది. ఒక్కో ఆడమనిషి విడిగా పంచాయితీకి పోతే వద్దని లేచి వచ్చేసే వీలు లేదు, పోవడానికి ఇంకో ఇల్లేది? అందరూ కలిస్తే ప్రభుత్వమే దిగి వచ్చింది.

[తెరపై: స్వర్ణాల చెరువు, రొట్టెలు మార్చుకునే చేతులు.]

నెల్లూరులో మతసామరస్యం అనగానే రొట్టెల పండుగ చూపిస్తారు. మొహర్రం రోజుల్లో బారాషహీద్ దర్గా దగ్గర చెరువులో నిలబడి, విద్యా రొట్టె, ఉద్యోగం రొట్టె అంటూ ముక్కూమొహం తెలియనివాళ్ళు ఇచ్చిపుచ్చుకుంటారు. కులం, మతం అడగరు. నిజంగా అందమైన సంగతే. కాకపోతే పండగ పలకరింపు మీద మరీ బరువు పెట్టకూడదు. మన దేశంలో కొన్ని నగరాల్లో అల్లర్ల మీద పరిశోధన చేసిన అశుతోష్ వార్ష్‌నే తేల్చింది కూడా దాదాపు ఇదే. ఇరుగుపొరుగు పలకరింపుల కన్నా, రెండు మతాలవాళ్ళూ కలిసి నడిపే వ్యాపార సంఘాలు, కార్మిక సంఘాలు, క్లబ్బులు ఉన్నచోటే పుకార్లు తొందరగా చల్లారాయి. అర్ధరాత్రి ఫోన్ చేస్తే ఎత్తే మనిషి అవతలి పక్కన ఉండాలి, అంతే.

[తెరపై: రెండు కాగితాలు పక్కపక్కన. ఒకటి స్టాంపు పేపరు, ఇంకోటి లోక్ అదాలత్ అవార్డు.]

ఇక పనికొచ్చే సంగతి. మీరు రాజీ పడుతున్నారనుకోండి, చేతికొచ్చే కాగితం ఏ రకందో చూసుకోండి.

పెద్దమనుషుల ముందు స్టాంపు పేపరు మీద రాసుకున్నది మీ ఇద్దరి మధ్య ఒప్పందం మాత్రమే. అవతలివాడు ఎగ్గొడితే మళ్ళీ కోర్టులో దావా మొదటి నుంచి వేయాలి. 2023 మధ్యవర్తిత్వ చట్టంలో ఊరి శాంతికి భంగం కలిగించే తగాదాల కోసం ముగ్గురు మధ్యవర్తుల పద్ధతి రాశారు. రెండు పక్షాలూ ముందుగా ఒప్పుకోవాలి. అక్కడ కుదిరిన ఒప్పందానికి కూడా కోర్టు డిక్రీకి, అంటే అమలు చేయించుకోగల తీర్పుకి ఉండే బలం ఉండదు.

లోక్ అదాలత్ వేరు. 1987 న్యాయ సేవల చట్టం ప్రకారం అక్కడ కుదిరిన రాజీ సివిల్ కోర్టు డిక్రీతో సమానం. అప్పీలు లేదు, కాబట్టి సంతకానికి ముందు రెండుసార్లు చదవండి, చదవడం రాకపోతే చదివించుకోండి. పెండింగ్ కేసైతే కట్టిన కోర్టు ఫీజు వెనక్కి వస్తుంది. కేసు వేయకముందే కూడా వెళ్ళొచ్చు. చట్టం రాజీకి ఒప్పుకోని నేరాలు మాత్రం అక్కడికి రావు. అలాంటి కేసులో ఎవరైనా "కాంప్రమైజ్ అయిపోండి, మేం చూసుకుంటాం" అంటే, ఎవరి తరఫున చూసుకుంటారో అడగండి.

ఆడవాళ్ళకి, ఎస్సీ, ఎస్టీలకి ఆదాయంతో పని లేకుండా ఉచితంగా వకీలుని ఇస్తారు. నెల్లూరు, ఒంగోలు జిల్లా కోర్టుల దగ్గర జిల్లా న్యాయ సేవాధికార సంస్థలు ఉన్నాయి. ఫోన్ 15100, ఛార్జీ ఉండదు. పంచాయితీకి పోయే ముందే చేయండి, అరుగు మీద కూర్చున్నాక కాదు.

[తెరపై: 15100]