పేరుకు చెప్పే అర్థానికి ఆధారం ఏది?

విశాఖ సాహిత్యాభిమానులకు, ముఖ్యంగా నామకరణానికి సిద్ధపడుతున్న తల్లిదండ్రులకు నమస్కారం.

బారసాల దగ్గర పడగానే పురోహితులు నక్షత్రపాదాన్ని బట్టి అక్షరం చెబుతారు. విశాఖ నక్షత్రానికైతే తీ, తూ, తే, తో. ఆ అక్షరంతో మొదలయ్యే పేర్లను సెల్‌ఫోనులో వెతికి, పక్కనున్న అర్థం నచ్చితే ఖాయం చేస్తున్నాము. అక్షరం కోసం పంచాంగం చూసే మనం అర్థం కోసం నిఘంటువును ఎందుకు తెరవటం లేదు?

ఇప్పుడు బాగా వినిపిస్తున్న 'ఆరవ్' అనే పేరునే తీసుకుందాం. చాలా పట్టికలు దీనికి 'ప్రశాంతుడు' అని అర్థమిస్తున్నాయి. ప్రాచీన సంస్కృత పర్యాయపద నిఘంటువైన అమరకోశం మాత్రం 'ఆరవ' శబ్దాన్ని నాదం, నిస్వనం, విరావం వంటి మాటల సరసన, ధ్వనికి పర్యాయపదంగా చేర్చింది. రవం అంటే చప్పుడని తెలుగువారందరికీ తెలుసు. అయినా ఆ 'రవ'లో శాంతి ఎక్కడుందని అడిగినవారు తక్కువ. 'అనిక' పేరుది మరో చిక్కు. ఇంగ్లీషు అక్షరాల్లో రాస్తే హ్రస్వదీర్ఘాల తేడా చెరిగిపోతుంది. సంస్కృతంలో 'అనీకం' అంటే సైన్యం. అనీకిని అన్న మాట మన కావ్యపాఠకులకు పరిచితమే. అందువల్ల ముందుగా పేరును తెలుగు లిపిలో స్పష్టంగా రాసుకోవాలి. ఇక సంస్కృతనామంగా చలామణి అవుతున్న 'మైరా' మొదట కనిపించేది ఇంగ్లండు కవి ఫుల్క్ గ్రెవిల్ (1554–1628) కవితల్లో. ఆ పేరు పెట్టుకోవటంలో తప్పేమీ లేదు, దానికి లేని వంశవృక్షం అంటగట్టటమే తప్పు.

సరిచూడటం కష్టమేమీ కాదు. సంస్కృత పదమంటే 1899 నాటి మోనియర్ విలియమ్స్ నిఘంటువు, తెలుగు పదమంటే 1852లో వచ్చిన బ్రౌన్ నిఘంటువు, 1885 నాటి శబ్దరత్నాకరం నేడు ఇంటర్నెట్‌లోనే దొరుకుతున్నాయి. ఆంధ్రభారతి వెబ్‌సైటులో పలు తెలుగు నిఘంటువులను ఒకేచోట వెతకవచ్చు. ఒక పట్టికలోని అర్థాన్నే పది పట్టికలు ఎత్తిరాస్తే అది పది సాక్ష్యాలు కాదు. పదం ఏ భాషది, ఏ ధాతువు నుంచి వచ్చింది, ఏ గ్రంథంలో ఆ అర్థంతో వాడారు అన్నవి తేలాలి.

పాతబడిందని మనం పక్కన పెడుతున్న ఉత్తరాంధ్ర పేర్లు ఈ పరీక్షకు నిబ్బరంగా నిలుస్తాయి. పైడిరాజులో పైడి అంటే బంగారమని ఏ తెలుగు నిఘంటువైనా చెబుతుంది. సింహాచలం అన్న పేరు ఎక్కడిదో విశాఖలో ఎవరినీ అడగనక్కరలేదు.

బారసాల ఆహ్వానపత్రంలో పేరు కింద అర్థం అచ్చువేయించే ముందు ఒక్కసారి నిఘంటువు చూడండి. ఆధారం దొరకకపోతే, పిలవటానికి ఇంపుగా ఉన్న పేరును అలాగే ఉంచుకుని, ఆ అర్థపు వాక్యాన్ని మాత్రం తొలగించండి.